కుక్క వెంటపడితే ఉరకొద్దు

చిత్త కార్తె వచ్చిందంటే మా చెల్పూర్‌లో రాత్రిపూట బయటికి పోయేవాళ్లకు ఒక మాట చెప్తుంటాను. కుక్కల గుంపు ఎదురైతే ఆ సందు వదిలెయ్యండి, చుట్టు తిరిగైనా వేరే సందులోంచి పోండి అని. అక్టోబర్ రెండో వారంలో మొదలయ్యే ఈ కార్తె వీధికుక్కలు ఎదకు వచ్చే కాలం. ఒక్క ఆడకుక్క వెనక ఏడెనిమిది మగకుక్కలు తిరుగుతాయి. వాటిలో వాటికే పడదు. మధ్యలో మనిషి వచ్చాడా, ఆ కోపం మనిషి మీదికి మళ్లుతుంది. అక్కడి నుంచి రెండు నెలలు లెక్కేసుకుంటే డిసెంబర్. అప్పుడు కుక్కలు ఈనుతాయి. ఇక కరిచేది తల్లి. మోరీ తూములో, కట్టెల కుప్ప వెనక, సగం కట్టి ఆపేసిన ఇంటి మెట్ల కింద పిల్లల్ని పెట్టుకుని ఉంటుంది. బంతి అటు దొర్లిందని పోరడు వంగి చెయ్యి పెడతాడు. అంతే.

నేను పశువుల దవాఖానలో కాంపౌండర్‌గా పనిచేసి రిటైరయ్యాను. బర్రెలకు, గొర్లకు సూదులు వేసినట్టే కుక్కలకూ వేశాను. కుక్క ఉత్తపుణ్యానికి, ఉన్నట్టుండి కరిచిందని అందరూ చెప్తారు. నేను చూసినంతలో అట్లా జరిగేది చాలా తక్కువ. కరవడానికి ముందు కుక్క ఒక వరుసలో తన సంగతి చెప్తుంది. ఆ వరుస మనకు ఎవరూ నేర్పలేదు.

ముందు కదలకుండా ఆగిపోతుంది. ఒళ్లు బిగుసుకుంటుంది. తల కొంచెం దించి రెప్ప వేయకుండా చూస్తుంది. మెడ నుంచి తోక మొదలు దాకా వీపు మీద బొచ్చు నిక్కపొడుచుకుంటుంది. తోక ఊపితే మంచి కుక్కేనని అనుకుంటాం గానీ, తోకను నిటారుగా లేపి కొసను మాత్రం బిర్రుగా ఆడిస్తుంటే ఆ కుక్క జోలికి పోవద్దు. భయపడ్డ కుక్క తీరు వేరు. చెవులు వెనక్కి వాలుస్తుంది, తోక కాళ్ల మధ్య పెట్టుకుంటుంది, మొహం పక్కకు తిప్పి కంటి తెల్లగుడ్డు కనబడేలా చూస్తుంది. దానికి తప్పించుకునే దారి లేకుండా మనం అడ్డం నిలబడితే అది కూడా కరుస్తుంది. పెదవి ముడిచి పండ్లు చూపి గుర్రుమన్నదంటే ఇక ఆఖరి మాట చెప్పేసినట్టే. ‘మొరిగే కుక్క కరవదు’ అనే సామెతను నమ్మి పిక్క చింపించుకున్నవాళ్లు మా దవాఖాన మెట్ల మీదే కూర్చున్నారు. మొరిగి కరిచే కుక్కలుంటాయి, చప్పుడు చేయకుండా వెనకనుంచి వచ్చి పట్టే కుక్కలూ ఉంటాయి.

చెల్పూర్ పరకాల నుంచి భూపాలపల్లి పోయే రోడ్డు మీద ఉంటుంది. పక్కనే కాకతీయ థర్మల్ విద్యుత్ కేంద్రం. 500 మెగావాట్లది ఒక యూనిట్, 600 మెగావాట్లది ఇంకొకటి. కరెంటు తయారీకి రాత్రీ పగలూ లేదు కాబట్టి షిఫ్టు దిగినవాళ్లు, ఎక్కేవాళ్లు అర్ధరాత్రి వేళ కూడా రోడ్డు మీద ఉంటారు. రోడ్డు పక్కన టిఫిన్ సెంటర్లు, చికెన్ సెంటర్లు. సాయంత్రం కొట్టు కట్టేసేటప్పుడు కోడి పేగులు, తలకాయలు, ఈకలు సంచిలో మూటగట్టి మోరీ పక్కన పారేస్తారు. కుక్కల గుంపు తయారయ్యేది అక్కడే. తిండి దొరికిన జాగాను కుక్క తనదనుకుంటుంది. పొద్దంతా షాపు ముందు ముడుచుకుని పడుకున్న కుక్కే, జనం తగ్గాక అదే జాగాలోంచి మనిషి పోతుంటే మీదికొస్తుంది.

అప్పుడు ఏం చేయాలి? ముందు చేయకూడనిది చెప్తాను. ఉరకొద్దు. మామూలు ఊరకుక్క కూడా గంటకు 30 కిలోమీటర్లకు పైనే ఉరుకుతుంది, మనం దాన్ని గెలవలేం. పైగా ఉరికేదాన్ని తరమడం కుక్క పుట్టుకలోనే ఉంది. అప్పటిదాకా తరుమాలా వద్దా అని ఆలోచిస్తున్న కుక్కకు మన వీపు చూపించి ఆ అనుమానం తీర్చేస్తాం. రెండడుగుల్లో తలుపో గేటో ఉంటే దూరి వేసుకోవచ్చు. లేకుంటే నిలబడాలి. చేతులు ఒంటికి ఆనించుకుని, పక్కకు తిరిగి, చూపు నేల మీద పెట్టి నిలబడాలి. కళ్లలోకి చూస్తే కుక్క దాన్ని సవాలుగా తీసుకుంటుంది. కేకలు పెట్టొద్దు. ‘పో’ అని ఒక్కసారి, గొంతు దించి, గట్టిగా అంటే చాలు. అది కాస్త తగ్గాక వీపు చూపకుండా ఒక్కో అడుగు వెనక్కి వేసుకుంటూ జరగాలి. చేతిలో ఏముంటే దాన్ని మధ్యలో అడ్డం పెట్టాలి: టిఫిన్ సంచి, గొడుగు, సైకిల్, భుజం మీది తువ్వాల. మీదికి దూకినా ముందు ఆ సంచినే పట్టుకుంటుంది. పట్టుకోనివ్వండి, వదిలెయ్యండి.

రాయి తీసినట్టు వంగితే కుక్క పారిపోతుందని మనవాళ్లందరికీ తెలుసు. దూరంగా ఒంటరిగా ఉన్న కుక్క విషయంలో అది నిజమే. గుంపు మూడు నాలుగు గజాల్లోకి వచ్చాక వంగితే మాత్రం మొహాన్ని, మెడను దాని నోటి ఎత్తుకు మనమే తెచ్చి పెట్టినట్టు. ఎవరైనా కింద పడిపోతే మోకాళ్లు కడుపులోకి ముడుచుకుని, రెండు చేతులూ మెడ వెనక కట్టుకుని, మోచేతులతో చెవులు మూసుకుని కదలకుండా ఉండాలి. కాలో చెయ్యో పట్టేస్తే గుంజొద్దు, గుంజితే కండ చీలుతుంది.

బండి మీద పోయేవాళ్లు ఇంకో రకంగా దెబ్బతింటారు. కుక్క వెంటపడగానే కాళ్లు పైకెత్తి యాక్సిలరేటర్ తిప్పుతారు. కుక్క కరిచేది లేదు గానీ బండి పోయి డివైడర్‌కు తగులుతుంది. బండి నెమ్మది చేయండి, అవసరమైతే ఆపండి. తిరిగే చక్రం ఆగిపోతే చాలా కుక్కలకు తరిమే హుషారు అక్కడికక్కడే పోతుంది.

ఊళ్లో బడి పిల్లలకు ఇవన్నీ చెప్పమని ఒకసారి టీచరమ్మ పిలిచింది. ప్రార్థన అయిపోయాక ఎండలోనే నిలబెట్టి చేయించాను. “చెట్టు లెక్క నిలబడుండ్రి. చెట్టు ఉరుకుతదా? చెట్టు కుక్క దిక్కు చూస్తదా?” అన్నాను. మూడో తరగతి పిల్ల ఒకతి చెయ్యెత్తింది. “తాతా, కుక్క దగ్గరికొచ్చి వాసన చూస్తే ఎట్ల?” అని అడిగింది. “చూడనియ్యి బిడ్డా. చూసి పోతది” అన్నాను. ఆ పిల్ల ఇంకా అట్లాగే కళ్లు నేలకు వేసి, ఊపిరి బిగబట్టుకుని నిలబడి ఉంది. ఊపిరి పీల్చుకోవచ్చని చెప్తే అందరూ నవ్వారు. వారం పదిరోజులకోసారి ఇట్లా ఆటలా చేయిస్తే, నిజంగా కుక్క ఎదురైన రోజు కాళ్లు వాటంతట అవే ఆగుతాయి. భయంలో మనిషికి ఆలోచన పనిచేయదు, అలవాటు పనిచేస్తుంది.

అయితే ఇదంతా ఆరేడేళ్లు దాటిన పిల్లలకే, అదీ గుంపు చుట్టుముట్టనంత వరకే. 2023 ఫిబ్రవరి 19న హైదరాబాద్ అంబర్‌పేటలో, తండ్రి వాచ్‌మన్‌గా పనిచేసే చోట, నాలుగేళ్ల బాబును కుక్కలు చంపేశాయి. సీసీ కెమెరాలో పడిన ఆ దృశ్యం రాష్ట్రమంతా చూసింది. అదే ఏడు మే నెలలో మా దగ్గరి కాజీపేటలో, పొట్టకూటికి ఉత్తరప్రదేశ్ నుంచి వచ్చిన కుటుంబంలోని ఎనిమిదేళ్ల బాబు కుక్కల గుంపు దాడిలో ప్రాణం పోగొట్టుకున్నాడు. గుంపు చుట్టుముట్టిన పసివాడికి ఏ ఉపాయమూ పనికిరాదు, వాడి పక్కన పెద్దమనిషి ఉండాలి. ఆ ఇద్దరు పిల్లలూ కూలిపనుల మీద ఊరు విడిచి వచ్చిన ఇళ్లవాళ్లే కావడం నన్ను వదలని సంగతి. కాపలా ఉండే ఖాళీ జాగాల్లో, పనిచోట్ల, రైల్వే స్థలాల పక్కన బతికే పిల్లల్ని చూసుకోవడానికి ఇంట్లో ఇంకో మనిషి ఉండదు. మా దగ్గర ఇటుక బట్టీల్లో, కట్టుబడి పనుల్లో ఉన్న పిల్లలదీ ఇదే పరిస్థితి. పనిచేయించుకునేవాళ్లు ఆ పిల్లలకు ఒక కంచె, ఒక కాపలా మనిషి ఏర్పాటు చేయడం పెద్ద ఖర్చేం కాదు.

కుక్క వదిలి వెళ్లిపోయాక అసలు పని మొదలవుతుంది. మా వదినకు పిక్క మీద కాటు పడితే, నేను పోయేసరికి గాయం నిండా కారం, సున్నం. “విషం గుంజుతదట” అన్నది. గుంజదు. ఆ మంటకు గాయం ఇంకా పుండవుతుంది తప్ప లాభం లేదు. నల్లా కింద కాలు పెట్టించి, బట్టల సబ్బుతోనే కడిగాను. సబ్బు ఏదైనా పర్వాలేదు, పారే నీళ్లు కావాలి, 15 నిమిషాలు కడగాలి. గడియారం చూసుకుని కడిగితే తెలుస్తుంది పావుగంట ఎంత పొడుగో. సబ్బు నురగ రేబిస్ క్రిమి మీది కొవ్వు పొరను కరిగించి దాన్ని చంపుతుంది. తర్వాత అయోడిన్ మందు పూయాలి. కట్టు కట్టొద్దు, డాక్టరు చెప్పకుండా కుట్లు వేయించొద్దు.

అదే రోజు దవాఖానకు పోవాలి. బొడ్డు చుట్టూ పద్నాలుగు సూదులనే భయం ఇంకా కొందరిలో ఉంది. అవి గొర్రె మెదడు నుంచి చేసిన పాత టీకాలు, మన దేశంలో 2004 చివర్లోనే ఆపేశారు. ఇప్పటి టీకా భుజానికి వేస్తారు, చిన్నపిల్లలకు తొడకు. చర్మంలోకి వేసే పద్ధతిలో అయితే కరిచిన రోజు, 3వ రోజు, 7వ రోజు, 28వ రోజు. ఒక్కటి కూడా తప్పొద్దు. గాయం కొంచెం మానగానే మూడో సూదికి ఎగ్గొట్టేవాళ్లే ఎక్కువ.

ఇంకొకటి చాలామందికి తెలియదు. పన్ను దిగి రక్తం వస్తే టీకా ఒక్కటే సరిపోదు. టీకా బలం ఒంట్లో తయారవడానికి వారం పైన పడుతుంది. ఆలోపు గాయం దగ్గరే క్రిమిని పట్టుకోవడానికి సీరం అనే మందును గాయం లోపలికి, చుట్టూ ఎక్కిస్తారు. అది చిన్న దవాఖానల్లో ఉండకపోవచ్చు. “సీరం కావాలా సార్?” అని మీరే అడగండి. లేదంటే భూపాలపల్లి దవాఖానకో, వరంగల్ ఎంజీఎం దవాఖానకో అదే రోజు పోండి. తల, మొహం, మెడ, చేతివేళ్ల మీది కాటుకు అసలు ఆలస్యం పనికిరాదు. తల, మొహం, మెడ నుంచి మెదడు దగ్గర, వేళ్లలో నరాలు ఎక్కువ. రేబిస్ లక్షణాలు బయటపడ్డాక మనిషిని బతికించే వైద్యం లేనట్టే. నీళ్లు చూసి భయపడే ఆ అవస్థ ఒక్కసారి చూసినవాళ్లు మర్చిపోలేరు.

కరిచిన కుక్కను చంపొద్దు. పది రోజులు కనిపెట్టుకుని ఉండాలి. పది రోజుల తర్వాత కూడా అది మామూలుగా తిని తిరుగుతుంటే, కరిచిన రోజున దాని చొంగలో రేబిస్ లేనట్టు. అట్లాగని ఆ పది రోజులూ టీకా ఆపి ఎదురుచూడొద్దు. పిచ్చికుక్క అంటే నురగలు కక్కుతూ ఎదురొచ్చిన ప్రతిదాన్నీ కరిచేదని అనుకుంటాం. మూగ రకం కూడా ఉంది. చీకటి మూలకు పోయి పడుకుంటుంది, కింది దవడ వేలాడుతుంది, మింగలేదు. గొంతులో బొక్క ఇరుక్కుందనుకుని యజమాని నోట్లో చెయ్యి పెడతాడు. బర్రెల్లోనూ ఇంతే. గొంతు మారిపోయి ఒకటే అరుస్తుంటే, చొంగ కారుతుంటే, ఏదో అడ్డం పడిందని రైతు మోచేతి దాకా లోపలికి పెట్టి వెతుకుతాడు. కరవకుండానే, చేతి మీది చిన్న గీత లోంచి రేబిస్ ఎక్కడానికి అది చాలు. మా ఉద్యోగంలో చేరినవాళ్లు ముందుగానే టీకా వేయించుకోవాలని చెప్పేది ఇందుకే.

కుక్కల బాధ పడలేక వాటిని చంపించాలనే మాట ప్రతి గ్రామసభలో వస్తుంది. 2026 జనవరిలో పక్క జిల్లా శాయంపేటలో కుక్కలను చంపించారనే ఫిర్యాదు మీద పోలీసు కేసు కూడా అయింది. బాధ పడినవాళ్ల కోపం నాకు అర్థమవుతుంది. కానీ ఉన్న కుక్కల్ని చంపితే, మోరీ పక్కన పేగులు అట్లాగే ఉంటాయి కాబట్టి, పక్క ఊరి కుక్కలు వచ్చి చేరతాయి. వాటికి టీకా ఉండదు. ఊరి కుక్కల్లో నూటికి 70కి టీకా పడితే రేబిస్ ఆ ఊళ్లో నిలవలేదని ప్రపంచ ఆరోగ్య సంస్థ లెక్క. గోవాలో ఇల్లిల్లూ తిరిగి, వీధివీధిలో వల పట్టి కుక్కలకు టీకాలు వేశారు. 2021లో దాన్ని రేబిస్ నియంత్రణలోకి వచ్చిన రాష్ట్రంగా ప్రకటించారు. మన చట్టమూ అదే చెప్తుంది: పట్టుకోవాలి, పిల్లలు పుట్టకుండా ఆపరేషన్ చేయాలి, టీకా వేయాలి, తెచ్చిన చోటే వదలాలి. అట్లా చేసిన కుక్కకు చెవి కొస కత్తిరించి ఉంటుంది. మీ వాడలో చెవి కొస కత్తిరించని కుక్కలు ఎన్ని ఉన్నాయో ఒకసారి చూసుకోండి, పని ఎంత మిగిలి ఉందో తెలుస్తుంది. రేబిస్ ఉన్నవాటిని, మీదపడి కరిచేవాటిని మళ్లీ వీధిలో వదలొద్దని సుప్రీంకోర్టు 2025 ఆగస్టులో చెప్పింది. బడులు, దవాఖానలు, బస్టాండ్ల ఆవరణల్లోంచి కుక్కలను తొలగించాలని అదే ఏడు నవంబర్‌లో ఆదేశించింది. బడికి ప్రహరీ లేదని, గేటు విరిగిందని పంచాయతీని అడగడానికి తల్లిదండ్రులకు ఇప్పుడు ఆ ఆదేశం చేతిలో ఉంది.

ఇంట్లో కుక్క ఉన్నవాళ్లకు: కుక్కపిల్లకు మూడు నెలలు నిండగానే రేబిస్ టీకా, తర్వాత ఏటా ఒకటి. 1885 జూలై 6న లూయీ పాశ్చర్ పిచ్చికుక్క కరిచిన తొమ్మిదేళ్ల బాబుకు మొదటిసారి టీకా వేయించి బతికించాడు. అందుకే ఏటా ఆ రోజున మన పశువుల దవాఖానల్లో కుక్కలకు ఉచితంగా సూదులు వేస్తారు. పొద్దున్నే తీసుకురండి, ఎండెక్కితే కుక్కలు చిరాకు పడతాయి. మెడకు గట్టి తాడు కట్టండి, మూతికి మెత్తటి గుడ్డ చుట్టండి. పట్టుకునేది దానికి అలవాటైన మనిషే అయి ఉండాలి, పిల్లల చేతికి ఇచ్చి పంపొద్దు.