తోలుబొమ్మ నుంచి మూడో చేతి దాకా

రంగస్థలం మీద నటుడికి తోడుగా యంత్రాన్ని ఆడించే కళ నిన్నమొన్నటిదని చాలామంది భావిస్తారు గానీ, అసలు ‘రోబో’ అనే మాట పుట్టిందే నాటకంలో. చెక్ రచయిత కారెల్ చాపెక్ 1920లో ప్రచురించిన నాటకంలో, కర్మాగారంలో తయారైన కృత్రిమ మనుషులకు ఆ పేరు పెట్టాడు; దానికి మూలమైన చెక్ పదానికి, తెలంగాణ పల్లెలు తరతరాలుగా అనుభవించిన వెట్టిచాకిరి అన్న మాటే సరైన సమానార్థకం. ఎవరు ఎవరిని ఆడిస్తున్నారన్న ప్రశ్న ఆ పేరులోనే ఉంది.

తెలుగు రంగస్థలానికి ఈ ప్రశ్న పాతదే. కడప జిల్లా సురభి గ్రామంలో 1885లో ‘కీచకవధ’తో నాటక ప్రదర్శనలు మొదలుపెట్టిన వనారస వంశీకులు అంతకుముందు తోలుబొమ్మలాట ఆడినవారు. తోలుబొమ్మ కదలిక బొమ్మది కాదు, తెర వెనుక పాడుతూ, మాట్లాడుతూ, బొమ్మకు కట్టిన పుల్లలను ఆడించే మనిషిది. బొమ్మలకు బదులు మనుషులే తెర ముందుకు వచ్చాక, ఆ పనితనం తాళ్లకూ, కప్పీలకూ, క్షణంలో మారిపోయే తెరలకూ మళ్లింది. ‘మాయాబజార్’లో ఘటోత్కచుడి మాయలైనా, నారదుడు ఆకాశం నుంచి దిగిరావడమైనా, ఎదురెదురు బాణాలు గాలిలో ఢీకొనడమైనా ప్రేక్షకుల కళ్లెదుటే జరిగేవి కాబట్టి, సినిమాలోలా రెండోసారి తీసే వీలు లేదు, పద్యం ముగిసే క్షణానికీ తాడు లాగే చేతికీ పొత్తు కుదరకపోతే మాయ చెదిరిపోతుంది. ఆ పొత్తును, ఊరి పేరుతోనే సురభివారుగా పిలిచే ఈ నాటక కుటుంబాల పిల్లలు ఇంట్లోనే, పెద్దల పక్కన నిలబడి నేర్చుకుంటారు. సురభి బాబ్జీగా ప్రసిద్ధులైన రేకందార్ నాగేశ్వరరావుకు 2013లో లభించిన పద్మశ్రీ, తెర వెనుక తాడు పట్టినవారికి కూడా దక్కిన గౌరవమే.

సైప్రస్‌లో పుట్టి ఆస్ట్రేలియాలో పెరిగిన కళాకారుడు స్టెలార్క్ ఇదే ప్రశ్నను తన శరీరం మీదికి తెచ్చుకున్నాడు. కండరం బిగిసినప్పుడు అందులో పుట్టే అతిసన్నని విద్యుత్ సంకేతం చర్మం మీద కూడా అందుతుంది. పొట్ట, కాళ్ల కండరాల నుంచి అలాంటి సంకేతాలను ఎలక్ట్రోడ్లతో అందుకుని, 1980లో పూర్తయిన ‘మూడో చేయి’ అనే యాంత్రిక హస్తాన్ని ఆయన వేదిక మీద కదిలించాడు. 1995లో దారి తిరగబడింది. ఆయన లక్సెంబర్గ్‌లో ఉండగా, పారిస్, హెల్సింకి, ఆమ్‌స్టర్‌డామ్‌లలోని మనుషులు కంప్యూటర్ ద్వారా పంపిన ఆదేశాలు ఆయన కండరాలకు విద్యుత్తును అందించి, ఆయన ప్రమేయం లేకుండానే శరీరాన్ని కదిలించాయి. సురభివారు బొమ్మను వదిలి మనిషిని వేదిక ఎక్కిస్తే, స్టెలార్క్ మనిషినే బొమ్మను చేశాడు. సురభిలో తాడు కనిపించకూడదు. స్టెలార్క్ ప్రదర్శనలో తీగలన్నీ కనిపించాలి. నేర్పించిన అడుగులనే తిరిగి తిరిగి వేసే రోబో వీటి సరసన నిలవదు, ఎందుకంటే ఎదుటి మనిషి తడబాటుకు అది బదులు పలకలేదు.

హైదరాబాద్ సమీపంలోని మన్నెగూడ, ఇబ్రహీంపట్నం పరిసరాల్లో ఇంజినీరింగ్ కళాశాలలు ఎన్నో ఉన్నాయి. అక్కడ రోబో చేతులకు ప్రాణం పోయాలనుకునే విద్యార్థులు సురభి నాటకాన్ని ఒక్కసారైనా తెర వెనుక నిలబడి చూడాలి.