తోడు లేని ఓడలు

కుందేటి నీరు నంద్యాల దాటి, ఆళ్ళగడ్డ ప్రాంతపు వాగులను కలుపుకొని, కడప సీమలో పెన్నను చేరుతుంది. పెన్న నెల్లూరు సీమలో బంగాళాఖాతంలో పడుతుంది. నల్లమల నీడలో నివసించే మనకు సముద్రంతో గల చుట్టరికం ఈ నీటిదారి ఒక్కటే. అందుచేతనే కాబోలు, 1942వ సంవత్సరం ఏప్రిల్ 6వ తేదీన ఆ సముద్రంమీద జరిగినదానిని గురించి మనవైపు చెప్పుకొనేది బహు స్వల్పం. విశాఖపట్నం మీద, కాకినాడ మీద జపాను విమానాలు బాంబులు వేసినవన్న ఒక్క వాక్యంతో ఆ కథ ముగిసిపోతుంది. నిజానికి ఆనాడు తీరంమీద పడిన బాంబులు కొద్ది. అసలు నష్టం గట్టుమీది మనుషుల కంటికి కనబడనంత దూరాన, నీటిమీద జరిగినది.

విద్యార్థులు ఒక్కసారి పటాన్ని ముందుంచుకొని చూడవలెను. 1942 ఫిబ్రవరి 15న సింగపూరు, మార్చి 8న రంగూను జపాను వశమైనవి. అదే నెలలో అండమాను దీవులు కూడా చిక్కినవి. బంగాళాఖాతానికి తూర్పు గుమ్మాలన్నీ శత్రువు చేతిలో పడినవన్నమాట. ఏప్రిల్ మొదటి వారంలో జపాను నౌకాదళం రెండు పాయలుగా వచ్చినది. నగుమో నాయకత్వాన పెద్ద విమానవాహక నౌకలు సింహళంవైపు పోయి, 5వ తేదీన కొలంబోను తాకినవి. ఒజావా అనే సేనాని నడిపిన రెండవ పాయ బర్మా తీరంలోని మెర్గుయి నుండి బయలుదేరి నేరుగా మన సముద్రంలోకి వచ్చినది. అందులో రియూజో అనే చిన్న విమానవాహక నౌక, అయిదు పెద్ద క్రూయిజర్లు, వాటికి తోడుగా చిన్న యుద్ధనౌకలు ఉన్నవి. వాటిని మూడు జట్లుగా విడదీసి, ఒరిస్సా తీరం మొదలు కృష్ణా గోదావరుల ముఖాలదాకా వలవలె పరిచినాడు ఒజావా. ఆ కొద్ది దినాలలో ఆ వలలో పడి మునిగిన వర్తక నౌకలు 23. వాటి మొత్తం పరిమాణం లక్షా పన్నెండు వేల టన్నులు.

ఇన్ని నౌకలు ఒక్కసారిగా ఎట్లు చిక్కినవి? ఈ ప్రశ్నకు సమాధానం కావాలంటే యుద్ధకాలంలో వర్తక నౌకలు ప్రయాణించే పద్ధతి తెలియవలెను. పూర్వం కోస్తా ఉప్పును మన సీమకు మోసుకొచ్చిన పెరికెడ్ల బిడారులను తలచుకొనండి. నంది కనుమవంటి అడవిదారిలో ఒంటరి ఎద్దును తోలుకొని పోయే సాహసం ఎవరూ చేయరు. పదిమంది కూడి, ముందొకరు వెనుకొకరు బల్లెం పట్టి నడుస్తారు. కుంటి ఎద్దు ఎంత వేగంగా నడవగలదో బిడారు అంతే వేగంగా నడుస్తుంది. సముద్రంమీద ఆ బిడారుకే కాన్వాయ్ అని పేరు. ముప్పై నలభై వర్తక నౌకలు వరుసలు తీరి సాగుతుంటే, చుట్టూ యుద్ధనౌకలు కాపలా కాస్తాయి. అన్నిటికంటె మందగొడి నౌక వేగమే అన్నిటి వేగం. ఆ బిడారునుండి తప్పిన నౌక పని అడవిలో తప్పిన ఎద్దు పనే.

దీనికి దృష్టాంతంగా గేర్సొప్పా అనే నౌక కథ చాలును. బ్రిటిష్ ఇండియా స్టీమ్ నావిగేషన్ కంపెనీవారిది. కన్నడ దేశాన శరావతీ నది ఒడ్డునున్న ఊరి పేరు దానికి పెట్టినారు. 5,237 టన్నుల ఈ నౌక 1940 డిసెంబరులో కలకత్తానుండి తేయాకు, దుక్క ఇనుము, వెండి కడ్డీలు నింపుకొని ఇంగ్లండుకు బయలుదేరినది. ఆఫ్రికా పడమటి తీరాన ఫ్రీటౌన్ రేవులో ఒక కాన్వాయ్‌లో చేరి 1941 జనవరి చివర ఉత్తరంగా సాగినది. అట్లాంటికులో తుఫాను పట్టుకొన్నది. ఎదురుగాలిలో బొగ్గు త్వరగా ఖర్చయిపోయినది. ఇంగ్లండు చేరడానికి మిగిలినది చాలదని తేలిన తరువాత, ఫిబ్రవరి 14న ఆ నౌక కాన్వాయ్‌ను విడిచి, దగ్గరలోని ఐర్లండు రేవువైపు తిరిగినది. 16వ తేదీన ఒక జర్మను విమానం దాని చుట్టూ తిరిగిపోయినది. ఆ రాత్రే జలాంతర్గామి టార్పెడో తగిలినది.

కాన్వాయ్ విడిచిన మూడవ నాడు కథ ముగిసినదన్నమాట. ఒక పడవ మాత్రం రెండవ అధికారి రిచర్డ్ అయర్స్ నాయకత్వాన పదమూడు దినాలు నీటిమీద కొట్టుకొని పోయి ఇంగ్లండు దక్షిణపు కొనకు చేరినది. గట్టు కనబడుతూ ఉండగా అల కొట్టి ఆ పడవ తలక్రిందులయినది. అయర్స్ ఒక్కడే బ్రతికినాడు. నౌకలోని తక్కినవారు, సుమారు ఎనభై అయిదుగురు, మరణించారు. వారిలో అధిక సంఖ్యాకులు లాస్కర్లు, అనగా మన దేశపు నావికులు. 2011లో ఆ నౌక శిథిలాన్ని 4,700 మీటర్ల లోతున కనుగొన్నారు. తరువాతి రెండేండ్లలో 110 టన్నుల వెండిని పైకి తీసినారు. వెండితోపాటు ఏడు వందలకు పైగా ఉత్తరాలు కూడా దొరికినవి. 1940లో హిందూదేశంలో వ్రాసి, సముద్రపు టడుగున ఏడు దశాబ్దాలు పడియున్న ఉత్తరాలవి! వాటిని శుద్ధిచేసి 2018లో లండను తపాలా ప్రదర్శనశాలలో జనానికి చూపినారు. వెండికంటె ఆ కాగితాలే విలువైనవని నా అభిప్రాయం.

గేర్సొప్పా బొగ్గు చాలక తన తోడును తాను విడిచినది. ఏప్రిల్ 1942లో మన సముద్రంలో తిరిగిన నౌకలకు అసలు తోడే లేదు. సింగపూరు పతనం తరువాత కలకత్తా రేవు నౌకలతో క్రిక్కిరిసిపోయినది. రేవుమీద విమానదాడి జరిగితే అన్నీ ఒక్కచోటనే కాలిపోతాయని భయపడి, వాటిని చిన్న చిన్న గుంపులుగా బయటికి పంపివేసినారు. కాపలాకు ఇవ్వడానికి యుద్ధనౌకలు లేవు. ఉన్న బ్రిటిషు నౌకాదళం సింహళానికి దక్షిణాన నగుమోకోసం వెదకుచున్నది. 5వ తేదీన దాని రెండు క్రూయిజర్లు కూడా మునిగిపోయినవి.

అట్లు బయట పడిన వాటిలో రెండు నౌకలను ప్రత్యేకంగా చెప్పవలెను. ఒకటి దార్దనస్. లివర్‌పూలుకు చెందిన బ్లూ ఫన్నెల్ కంపెనీవారు తమ నౌకలకు గ్రీకు పురాణాల పేర్లు పెట్టేవారు. ఈ 7,726 టన్నుల నౌక అట్టిదే. రెండవది గందార, గేర్సొప్పాను నడిపిన కంపెనీదే. పరిమాణంలోనూ దానికి తోబుట్టువు వంటిది, 5,281 టన్నులు. ఆ పేరు వినగానే తెలుగు పాఠకునికి ధృతరాష్ట్రుని పత్ని పుట్టిన దేశం గుర్తుకు రాకమానదు.

దార్దనస్ మీద విమానాలు బాంబులు వేసినవి. యంత్రశాల దెబ్బతిన్నది. నౌక మునగలేదుగాని కదలలేదు. కదలలేని నౌక శత్రువున్న సముద్రంలో ఏమవుతుందో చెప్పనక్కరలేదు. ఆ సమయానికి ఆ దారినే వచ్చిన గందార ఆగినది. కాపలా నౌక ఒక్కటీ దరిదాపుల లేదు. ఆకాశాన శత్రు విమానాలు తిరుగుతున్నవని దార్దనస్ గాయాలే సాక్ష్యం చెబుతున్నవి. తన దారిన తాను పోయినా గందారను నిందించేవారుండరు. అయినా మోకులు కట్టి దార్దనస్‌ను లాగడానికి పూనుకొన్నది. ఒక నౌక మరొకదానిని లాగుతుంటే రెండింటి వేగమూ నడకకు దిగుతుంది. పక్కకు తప్పుకొనే వీలు పోతుంది. నౌకాయానం ఎరిగిన ఏ కప్తానుకైనా ఇది తెలిసిన విషయమే.

గోదావరి ముఖానికి దక్షిణాన, మచిలీపట్నానికి తూర్పున, నడిసముద్రంలో ఈ జంటను జపాను దక్షిణపు జట్టు చూచినది. మికుమా, మొగామి అనే రెండు పెద్ద క్రూయిజర్లు, అమగిరి అనే డిస్ట్రాయరు. ఆ క్రూయిజర్ల ఫిరంగులు ఎనిమిది అంగుళాల వ్యాసం గలవి. వర్తక నౌకల కట్టుడు అటువంటి గుండ్లకు ఆగేది కాదు. ఏప్రిల్ 6న దార్దనస్, గందార రెండూ అక్కడనే మునిగినవి. గందార నావికులలో కొందరు మరణించారు.

అదే రోజున ఒరిస్సా తీరం దగ్గర ఉత్తరపు జట్టు మాల్డా, ఆటోలికస్, సిల్క్స్‌వర్త్, షిన్‌క్వాంగ్ అనే నౌకలను, ఎక్స్‌మూర్ అనే అమెరికా నౌకను ముంచినది. నార్వే నౌకలు, డచ్చి నౌకలు కూడా పోయినవి. విశాఖ సమీపాన సెల్మా సిటీ అనే మరొక అమెరికా నౌకను విమానాలు ముంచగా, దాని నావికులు పడవలలో విశాఖ చేరుకొన్నారు. ఊరు అప్పటికే ఖాళీ అవుతున్నది. రేవుమీద బాంబులు పడగానే జనం బండ్లు కట్టుకొని లోపలి పల్లెలకు పరుగులు తీసినారు.

పాఠకులకు ఆసక్తి కలిగించే సంగతి ఒకటున్నది. గందారను ముంచిన మూడు యుద్ధనౌకలలో మికుమా రెండు నెలలలోనే మిడ్వే యుద్ధంలో మునిగినది. మొగామి 1944 అక్టోబరులో ఫిలిప్పీను దీవుల దగ్గర పోయినది. అమగిరి మాత్రం 1943 ఆగస్టు 2న సాలమన్ దీవుల చీకటిలో ఒక చిన్న అమెరికా పడవను ఢీకొని రెండు చెక్కలు చేసినది. ఆ పడవ నాయకుడు ఈదుకొని బయటపడి, పదునెనిమిదేండ్ల తరువాత అమెరికా అధ్యక్షుడైనాడు. జాన్ కెనెడీ అతడే. చరిత్రలో అమగిరి పేరు ఆ పడవవల్లనే మిగిలినది, గందారవల్ల కాదు.

నౌకలను కలకత్తానుండి అట్లు వెళ్లగొట్టడం పొరపాటా? కొలంబో గతి చూచినవారు రేవును ఖాళీ చేయించడంలో తప్పు లేదనవచ్చును. పెద్ద క్రూయిజర్లు ఎదురైనప్పుడు ఒకటి రెండు చిన్న కాపలా నౌకలు ఏమి చేయగలవని కూడ అడుగవచ్చును. కాని 1940 నవంబరులో అట్లాంటికులో జరిగినది చూడండి. 37 నౌకల కాన్వాయ్ మీదికి జర్మను యుద్ధనౌక అడ్మిరల్ షీర్ వచ్చినది. కాపలా ఉన్నది జెర్విస్ బే ఒక్కటే, అదికూడా ఫిరంగులు బిగించిన ప్రయాణికుల నౌక. అది ఎదురు తిరిగి మునిగిపోయినది. దానితో పోరాడే లోపల చీకటి పడినది. వర్తక నౌకలలో అయిదు మాత్రమే పోయినవి. బంగాళాఖాతంలో అట్లు అడ్డుపడి మునగడానికైనా ఒక్క నౌక లేకపోయినది. దగ్గరకు వచ్చి ఆగినది గందార. అది కూడా వర్తక నౌకే.

ఈ దాడి దెబ్బ మన నేలమీద మరొక చోట కూడా తగిలినది. 1941 జూన్ 21న విశాఖలో సింధియా కంపెనీవారి నౌకా నిర్మాణశాలకు బాబూ రాజేంద్రప్రసాదు శంకుస్థాపన చేసినారు. పది నెలలు తిరగకుండానే బాంబులు పడినవి. పని ఆగినది. యంత్రాలను బొంబాయికి తరలించినారు. అక్కడ కట్టిన మొదటి నౌక జలఉషను నెహ్రూ చేతులమీదుగా నీటిలోకి దింపడానికి 1948 మార్చి 14దాకా ఆగవలసి వచ్చినది.

లాస్కర్ల సంగతి చెప్పవలసి ఉన్నది. కలకత్తా రేవులో నౌకలెక్కిన వారిలో అనేకులు తూర్పు బెంగాలు పల్లెలవారు. సిల్హెట్, నవాఖాలీ, చిట్టగాంగు జిల్లాల రైతు బిడ్డలు, పుట్టినచోట సముద్రం చూడనివారు కూడా వారిలో కలరు. కొలిమి ముందు బొగ్గు పోయడం, నూనె రాయడం, డెక్కు కడగడం వారి పని. అదే నౌకలో పనిచేసే తెల్ల నావికుని జీతంలో చిన్న భాగం వారి జీతం. 1939లో యుద్ధం మొదలుకాగానే ఇంగ్లండు రేవులలో లాస్కర్లు జీతం పెంచమని పని మానినారు. పలువురిని జైలులో పెట్టినారు. తరువాత కొంత పెంచక తప్పలేదు. ఆ యుద్ధంలో సముద్రమే సమాధియైన హిందూదేశపు నావికులు, వర్తక నౌకలవారూ నౌకాదళంవారూ కలిసి, సుమారు 6,500 మంది. వారి పేర్లను శిలమీద చెక్కలేదు, ఒక గ్రంథంలో వ్రాసినారు. ఆ గ్రంథం ఒక ప్రతి చిట్టగాంగు యుద్ధ శ్మశానంలోను, మరొక ప్రతి ముంబయిలోని నావికుల వసతిగృహంలోను ఉంచినారు.