ఆ గోల వెనక ఇల్లెలా ఉంది?

మా వాడు ఇంటర్ చదువుతున్నాడు. ఈమధ్య మెడదాకా జుట్టు పెంచాడు. నల్ల చొక్కాలు తప్ప వేయడు. "ఏ కొండకి మొక్కుకున్నావురా?" అని మా అత్తగారు రోజూ అడుగుతూనే ఉన్నారు. మొన్నో ఆదివారం వాడు కంప్యూటర్లో ఏదో చూస్తుంటే, చిక్కుడుకాయలకి ఈనెలు తీసుకుంటూ పక్కన కూర్చున్నాను. ఈతకొలనులో కుర్చీ మీద తేలుతూ ఓ గిటారిస్టు వోడ్కా సీసా ఎత్తి ఒంపుకుంటున్నాడు. గట్టున ఒకావిడ కూర్చుని చూస్తోంది. ఆవిడ వాడి కన్నతల్లి! నా చేతిలో కాయ చేతిలోనే ఉండిపోయింది.

అది తీసింది పెనెలపీ స్ఫీరిస్ అనే అమెరికా ఆవిడ. 'ది డిక్లైన్ ఆఫ్ వెస్టర్న్ సివిలైజేషన్' పేరుతో ఆవిడవి మూడు డాక్యుమెంటరీలున్నాయి. నేను చూసింది రెండోది, 1988లో హెవీ మెటల్ సంగీతం వాళ్ల మీద తీసినది. ఉండబట్టలేక మిగతా రెండూ పెట్టించుకున్నాను.

ఈవిడ 1945లో పుట్టింది. తండ్రి ఊరూరా తిరిగే కార్నివాల్ నడిపేవాడు. ఈవిడకి ఏడేళ్లప్పుడు ఆయన్ని ఎవరో చంపేశారు. ఆ తర్వాత ఇంట్లోకి వచ్చిన మారుతండ్రులు ఒకరా ఇద్దరా! హోటళ్లలో టిఫిన్లు అందిస్తూ సినిమా చదువు చదువుకుంది.

మొదటిది 1981లో వచ్చింది, లాస్‌ఏంజెలిస్ పంక్ కుర్రాళ్ల మీద. పాటలకంటే నా కళ్లు వాళ్ల కొంపల మీదే! నెలకి 16 డాలర్ల అద్దెకి అల్మరాలాంటి గూట్లో ఉండే గాయకుడొకడు. డార్బీ క్రాష్ అనే ఇంకొకడు వంటింట్లో గుడ్లు వేయించుకుంటూ కబుర్లు చెబుతాడు. సినిమా విడుదలయ్యేలోపే, 22 ఏళ్లకే, మత్తుమందుతో ప్రాణం తీసుకున్నాడు. ఈ సినిమాని మళ్లీ మా ఊళ్లో వేయొద్దని పోలీసు పెద్దాయన ఉత్తరం రాశాట్ట. అదే సినిమాని 2016లో అమెరికా జాతీయ చిత్రాల జాబితాలో చేర్చారు!

అన్నీ మెచ్చుకోలేను లెండి. రెండోదాంట్లో ఓజీ ఆస్బోర్న్ నారింజరసం ఒలకబోసుకోవడం నిజం కాదనీ, తానే అలా తీశాననీ తర్వాత ఒప్పుకుంది. నిజం చూపిస్తానన్న మనిషి అలా చేయొచ్చా?

1992లో 'వేన్స్ వరల్డ్' అనే హాస్యచిత్రం బ్రహ్మాండంగా ఆడింది. హాలీవుడ్ పిలుపులొచ్చాయి. అలా సంపాదించిన డబ్బు తెచ్చి 1998లో మూడోదానిమీద పెట్టింది. ఇల్లు వదిలి వీధుల్లో బతికే పిల్లల కథ అది. తన్నులు తినలేక వచ్చేసిన వాళ్లే ఎక్కువ. కొనేవాళ్లు పాత రెండింటి హక్కులూ కావాలంటే ససేమిరా అంది. చివరికి కూతురు పట్టుబట్టబట్టి, 2015లో మూడూ కలిపి బయటికొచ్చాయి. ఈ మూడోది తీశాక దిక్కులేని పిల్లల్ని ఇంటికి తెచ్చుకుని సాకిందావిడ.

ఆ రాత్రి మా వాడి గదిలోకెళ్లి, "నువ్వు వినేదేంట్రా, నాకూ పెట్టు" అన్నాను. వింతగా చూసి, ఒక చెవి తీగ నాకిచ్చాడు. చెవులు చిల్లులు పడ్డాయనుకోండి! అయినా పాటయ్యేదాకా లేవలేదు.