భూమిలేని ఇంటినుండి శాసనసభకు

కర్నూలు, కడప సీమలలో సేద్యమంటే వానతో పెట్టుకొన్న పందెం. నల్లరేగడిలో జొన్న, కొర్ర వేయదలచిన రైతు ఒక్క పదును కొరకు నెలల తరబడి మబ్బువంక చూడవలసినదే. 1876-78 నాటి ధాత కరువులో కర్నూలు జిల్లా తన జనంలో సుమారు నాలుగవ వంతును కోల్పోయినది. సుంకేసుల వద్ద తుంగభద్రనుండి బయలుదేరిన కాలువ కడపదాకా సాగినను, ఆ నీరందిన పొలాలు కొద్దియే. భూమిగల రైతు పాటే ఇట్లుండగా, పరుల చేలో పాటుపడి గింజలు కూలిగా తెచ్చుకొనువాని మాట వేరే చెప్పవలెనా?

అట్టి కూలివాని ఇంట పుట్టి రాష్ట్రాన్ని ఏలినవారు దామోదరం సంజీవయ్యగారు. వారు 1921 ఫిబ్రవరి 14న కర్నూలు చెంతనున్న పెద్దపాడులో మునిదాసు, సుంకులమ్మ దంపతులకు జన్మించినారు. సంఘం అంటరానిదని దూరముంచిన కులం; సెంటు భూమి లేని కుటుంబం. నేతపని, కూలిపని జీవనాధారాలు. పసితనంలోనే తండ్రి గతించినారు. కర్నూలు పురపాలక పాఠశాలలోను, అనంతపురం దత్తమండల కళాశాలలోను చదివి, మదరాసులో న్యాయశాస్త్రం అభ్యసించినారు. అక్కడ ఖర్చులకు చాలక ఒక పాఠశాలలో లెక్కలు చెప్పి చదువు సాగించినారు. ఉపాధ్యాయ మిత్రులు గుర్తుంచుకొనదగిన సంగతి యిది.

1950లో తాత్కాలిక పార్లమెంటు సభ్యులైనారు. 1952లో మదరాసు శాసనసభకు ఎన్నికైనారు. 1953 అక్టోబరు 1న కర్నూలు రాజధానిగా ఆంధ్రరాష్ట్రం అవతరించినపుడు ప్రకాశం పంతులుగారి మంత్రివర్గంలో చేరినారు. గుడారాలలో కచేరీలు నడచిన ఆ రాజధానికి పెద్దపాడు కొద్ది మైళ్ళ దూరమే. కాని ఆ కొద్ది మైళ్ళు దాటుటకు ఆ పల్లెలోని పేదలకు తరతరాలు పట్టినది.

1960 జనవరి 11న, ముప్పదితొమ్మిదేండ్లు నిండకమునుపే, ఆంధ్రప్రదేశ్ ముఖ్యమంత్రియైనారు. దేశంలో ఆ పదవినందిన తొలి దళితులు వారే. వారి పాలనలో వృద్ధాప్య పింఛనులు ఏర్పడినవి. బంజరు భూములు పేదలకు పంచబడినవి. 1961లో అవినీతి నిరోధక శాఖ నెలకొన్నది. వీటిని కూలివాని కన్నుతో చూచిన వీని పొందిక తెలియును. రైతు ముసలివాడైనను చేను మిగులును. కూలివానికి రెక్కలే ఆస్తి. రెక్కలుడిగిననాడు పింఛను తప్ప వేరు ఆధారమేది? పట్టా కొరకు కచేరీ గుమ్మమెక్కిన పేదకు లంచం కొత్త కరువు కాదా?

అయితే పట్టా చేతికందినంతనే పైరు మొలవదు. ఎద్దులు కావలె, విత్తనం కావలె, అన్నిటికిమించి నీరు కావలె. మెట్టసీమలో భూమి పంపకం సగం పనియే. హంద్రీనదిపై గాజులదిన్నె వద్దనున్న జలాశయం నేడు సంజీవయ్య సాగర్‌గా వారి పేరు ధరించియుండుట అందుచేతనే ఉచితమనిపించును.

1962 మార్చిలో ముఖ్యమంత్రి పదవి ముగిసినది. ఆ ఏడే అఖిల భారత కాంగ్రెసు అధ్యక్షులైనారు; పిదప కేంద్రంలో కార్మికశాఖను నిర్వహించినారు. 1972 మే 7న, ఏబదియొక్క ఏట, పరమపదించినారు.

పేదయింట పుట్టి గొప్పవాడైన కథలు మనకు కొదువలేవు. గొప్పవాడైన పిదప పుట్టిన యిల్లు ఏ శాసనంలో కనిపించినదని అడుగుట అరుదు. విద్యార్థులు ఈ చరిత్ర చదువునపుడు ఆ ప్రశ్న వేసికొనవలెను. శాసనకర్తల విలువ కట్టుటకు సీమ మనకిచ్చిన కొలబద్ద అదియే.