విండో మోడ్ (కంప్యూటర్ ఆటలు)

విండో మోడ్ అనగా కంప్యూటర్ ఆటను తెర నిండా కాక, ఇతర ప్రోగ్రాముల వలె ఒక విండోలో నడిపే పద్ధతి.

పూర్వపు ఆటలు తెర కొలతను తమకు అనుగుణంగా మార్చుకొనేవి. ఉదాహరణకు 1998లో విడుదలైన స్టార్‌క్రాఫ్ట్ 640×480 పిక్సెళ్ళతో తెర నిండా నడిచేది. ఆ చిత్రాన్ని 1920×1080 పిక్సెళ్ళ తెరకు సరిపోయేలా సాగదీస్తే బొమ్మలు అడ్డంగా లావెక్కి, మసకబారతాయి. విండోలో అసలు కొలతతో నడిపితే తెరలో సుమారు ఏడవ వంతే ఆక్రమించినా, బొమ్మల ఆకృతి చెడదు. 2017 నాటి 1.18 సవరణతో ఈ ఆటకు విండో మోడ్ లభించింది.

ఉపయోగాలు, పరిమితులు

ఆటను మూయకుండానే వేరే పని చూసుకోవచ్చును. అయితే విండోలన్నిటినీ ఆపరేటింగ్ సిస్టమ్ కలిపి చూపవలసి ఉన్నందున చిత్రం లిప్తకాలం ఆలస్యం కావచ్చు. దీనిని తగ్గించే సదుపాయాన్ని 2022లో విండోస్ 11లో చేర్చారు. అనేక ఆటలలో ఆల్ట్, ఎంటర్ మీటలను కలిపి నొక్కి పద్ధతి మార్చుకోవచ్చును.