గాలివాలు నెఱిగిన సిపాయి

మా పత్తికొండ సీమలో కళ్ళము చేసిన రైతునకు గాలి స్వభావమును ఎవ్వరును బోధింపనక్కఱలేదు. తూర్పారబట్టుటకు చేట యెత్తకముందే అతడు గుప్పెడు పొట్టును వ్రేళ్ళసందున జార్చి, అది యేవైపునకు కొట్టుకొనిపోవునో చూచి, అందుకు తగినట్లు తాను నిలుచు చోటు మార్చుకొనును. గాలి పడిపోయినచో చేట దించి కూర్చుండును, మరల లేచినచో ఎదుటి ముద్ద విడిచియైనను లేచును. గాలిని రమ్మని పిలువలేము, నిలువుమని శాసింపలేము, దాని వాలు నెఱిగి మన పని నెఱవేర్చుకొనగలము. ఈ సత్యమునే ఒంటరిగా, చిన్న పడవలో, సముద్రమున సాధన చేసి, రెండు ఒలింపిక్ క్రీడలయందు భారతదేశమునకు ప్రతినిధియై నిలిచిన సైనికుడు సుబేదార్ విష్ణు శరవణన్.

అతడు 1999లో వేలూరున జన్మించెను. మన చిత్తూరు సరిహద్దునకు చేరువనున్న ఆ యూరికిని మా ఆదోని, ఎమ్మిగనూరులకు వలెనే సముద్రము లేదు. అయినను అతనికి తెరచాప పితృధనముగా లభించినది. తండ్రి సైన్యమున పనిచేసినవాడు. తెరచాప పడవ నడుపుటలోను ఆరితేరినవాడు. కుమారునకు ఈ విద్యలో తొలి గురువు ఆయనయే. సోదరి రమ్యయు ఈ క్రీడయందే పేరు తెచ్చుకొన్నది. విష్ణువు చేరిన మద్రాసు ఇంజనీర్ గ్రూపు 1780లో ఏర్పడినది; ఆ దళమువారిని జనులు మద్రాసు సాపర్లని పిలుతురు. ఏఱులపై వంతెనలు కట్టుట, సేనలను ఆవలియొడ్డు చేర్చుట వారి వృత్తి గనుక నీటితోడి చెలిమి వారికి సహజము. బెంగుళూరులోని వారి కేంద్రము అలసూరు చెఱువు నానుకొనియే యున్నది. విష్ణువు ఆ దళమున చేరి, ముంబాయిలోని సైన్యపు పడవ క్రీడా శిక్షణ కేంద్రమున రాటుదేలెను.

అతడు నడుపు పడవకు పూర్వము లేజర్ అని పేరు. ఇప్పుడు ఇల్కా 7 అందురు. పొడవు 4.23 మీటర్లు, తెరచాప వైశాల్యము సుమారు 7 చదరపు మీటర్లు. ఒక్కటే చాప, ఒక్కడే మనిషి. పోటీలోని పడవలన్నియు ఒకే కొలతకు చేసినవగుటచే, గెలుపోటములు ధనముచేతగాక నేర్పుచేతనే తేలును. తుంగభద్రలో పుట్టిని నడుపువాడు తెడ్డును నమ్మును; ఇచ్చట తెడ్డు లేదు, యంత్రము లేదు. ఒక చేత చుక్కాని, వేఱొక చేత చాపత్రాడు పట్టి, పడవలోని పట్టీక్రింద పాదములు ఇఱికించి, నడుము మొదలు తలవఱకు దేహమంతయు నీటిపైకి వెనుకకు వాల్చి, చాప ఒకవైపునకు లాగుచుండగా తన బరువుతో పడవను నిలువరించవలెను. తొడలు మండుచుండును, ఉప్పునీరు కన్నులలో కొట్టుచుండును. అయినను చూపు నీటిమీదనే యుండవలెను, ఏలయన రానున్న గాలి మొదట అలలపై నల్లని నీడవలె కనబడును.

ఎదురుగాలికి తిన్నగా పోగల తెరచాప లేదు. గాలికి ఏటవాలుగా కొంత కుడికి, కొంత ఎడమకు, మలుపులు తిరుగుచు పడవ పైకి ప్రాకవలెను; ఎప్పుడు మళ్ళవలెనో తెలిసికొనుటయే ఈ విద్యకు ప్రాణము. పందెమునకు అయిదు నిమిషములు ముందు హెచ్చరిక ధ్వని వినబడును. ఆ అయిదు నిమిషములు పదులకొలది పడవలు గీతవెనుక చోటుకై పెనగులాడును. క్షణమాత్రము ముందు గీత దాటినవాడు దోషి, వెనుకబడినవాడు ఇతరుల చాపలు చెఱచిన గాలిలో చిక్కువాడు. గెలిచినవానికి ఒక పాయింటు, రెండవవానికి రెండు; కొన్ని దినముల పందెములు ముగియునప్పటికి ఎవని మొత్తము తక్కువయో వాడే విజేత. కనుక ఒకనాటి శౌర్యముకంటె అన్నినాళ్ళ నిలుకడయే ఇందు ప్రధానము.

ఆ నిలుకడయే విష్ణువునకు కీర్తి తెచ్చినది. 2019లో క్రొయేషియాలోని స్ప్లిట్ నగరమున ఇరువదియొకటేండ్లలోపువారి ప్రపంచ పోటీలయందు కాంస్యము గెలిచెను. 2021లో ఒమాన్ తీరమున జరిగిన పోటీలలో రాణించి టోక్యో ఒలింపిక్స్‌కు అర్హుడయ్యెను. అచ్చట 20వ స్థానము పొందెను. 2023లో చైనాయందు జరిగిన ఆసియా క్రీడలలో కాంస్యపతకము ధరించెను. 2024 జనవరిలో అడిలెయిడ్ ప్రపంచ పోటీలనుండి పారిస్ ఒలింపిక్స్‌కు స్థానము సంపాదించి, మార్సెయ్ సముద్రమున 18వవాడుగా నిలిచెను. ఒలింపిక్ పతకము లభింపలేదు. కాని పసితనమునుండి సముద్రపుటొడ్డున పెరిగిన క్రీడాకారులు గల దేశముల సరసన, సముద్రము లేని ఊరున పుట్టినవాడు నిలిచి పోరాడుట సామాన్యమైన సంగతి కాదు. తెల్లవారకముందు లేచుట, ఆజ్ఞకు లోబడుట, అలసటను లెక్కచేయకుండుట సైన్యము నేర్పినవి. ఒంటరిగా నిర్ణయించి ఫలమును తానే మోయుట సముద్రము నేర్పినది. ఈ రెండును కలిసినచోటనే ఇట్టి మనిషి రూపొందును.

మద్రాసు సాపర్ల దళమున తమిళులతోపాటు తెలుగు యువకులకును చోటు కలదు. చిన్నవయసుననే బాలురను చేర్చుకొని, చదువుతోపాటు క్రీడ నేర్పు బాలుర క్రీడా దళములను సైన్యము నడుపుచున్నది. హైదరాబాదులో సముద్రము లేకున్నను, హుస్సేన్‌సాగర్ జలములపై సైన్యపు ఇ.ఎం.ఇ. సెయిలింగ్ సంఘము ఏటేట దేశస్థాయి పోటీలు జరుపుచున్నది. అచ్చటి యాట్ క్లబ్ పేదయిండ్ల బాలబాలికలకు ఈ విద్య నేర్పుచున్నది. కావున వానకై ఆకాశమువంక చూచు మా సీమ తల్లిదండ్రులకు నా విన్నపమొక్కటే: మన బిడ్డలకు నీరు కొఱతయైనను గాలి కొఱత కాదు, ఈ త్రోవయు ఒకటి కలదని వారికి చెప్పుడు.