పేడ అలికిన కోర్టు నుంచి పచ్చ కోర్టుకు

హైదరాబాద్‌లో సానియా మీర్జా చిన్నతనాన టెన్నిస్ నేర్చుకున్నది పేడతో అలికిన కోర్టుల మీద. ఈ మాట ఆమే చెప్పుకుంది. మన వాకిళ్ల లాంటి నేలే అన్నమాట!

అమెరికాలోని చార్ల్స్‌టన్‌లో ఏటా మహిళలు ఆడే పోటీది కూడా మట్టి నేలే. కాకపోతే ఆకుపచ్చ రంగు. వర్జీనియా కొండరాతిని పొడి చేసి పరుస్తారు. నేల అణిగి ఉండేందుకు నీళ్లు చల్లుతారు. బంతి ఇక్కడ వేగం తగ్గి ఎత్తుగా లేస్తుంది. ఒక్క దెబ్బతో పాయింటు రాదు, ఓపిక కావాలి. 1973లో హిల్టన్ హెడ్ దీవిలో మొదలై, 2001లో చార్ల్స్‌టన్‌కు మారిన ఈ పోటీని క్రిస్ ఎవర్ట్ 8 సార్లు గెలిచింది. తొలి ఏడు విజేత రోజీ కాసల్స్‌కు దక్కింది 30,000 డాలర్లు. ఆ రోజుల్లో ఆడవారి ఆటకు అది పెద్ద సొమ్మే.

2015 ఏప్రిల్ 12న సానియా ఇక్కడ డబుల్స్ ఫైనల్‌కు దిగింది. జోడీ మార్టినా హింగిస్. నెగ్గితే ప్రపంచంలో మొదటి ర్యాంకు, లేకుంటే మళ్లీ ఎదురుచూపే. డెలాక్వా, యురాక్ జంటపై మొదటి సెట్ 6-0. రెండోది అంత సులువుగా రాలేదు, 6-4. మహిళల డబుల్స్‌లో ఆ ర్యాంకు అందుకున్న తొలి భారతీయురాలు సానియాయే.